ఆజ్ఞలు లేని పుట్ట

ఢిల్లీ రిడ్జ్ మీదా, అసోలా భట్టీ అభయారణ్యంలోనూ తుమ్మచెట్ల మధ్య నిలువు మడతలతో లేచిన మట్టి పుట్టలు కనిపిస్తాయి. ఓడోంటోటెర్మిస్ ఒబెసస్ అనే చెద జాతి కట్టినవి ఇవి. ఈ చెదలు వ్యవసాయం చేస్తాయి. వాటి పని విభజన అర్థం కావాలంటే ముందు ఆ సేద్యం చూడాలి.

వయసు మళ్ళిన శ్రామికులు బయటికి వెళ్ళి ఎండుటాకు, పుల్ల, బెరడు కొరికి తెస్తాయి. పుట్టలోని పడుచు శ్రామికులు దాన్ని తింటాయి, కానీ పూర్తిగా అరిగించుకోవు. టెర్మిటోమైసిస్ అనే బూజు గింజలనూ కలిపి మింగి, రెంటినీ మలంగా పేర్చి తోట వేస్తాయి. చెద కడుపుకు లొంగని కర్రపదార్థాన్ని బూజు మెత్తబరుస్తుంది. పాతబడిన తోటను పెద్దవి తింటాయి. తొండలు, చీమలు కాచుకుని ఉండే బయటి పని, ఆయుష్షు తక్కువ మిగిలిన వాటి వంతు. నాకు ఈ ఏర్పాటు ఎప్పుడూ అబ్బురమే.

చీమల్లో, తేనెటీగల్లో శ్రామికులంతా ఆడవే. చెదల్లో ఆడా మగా రెండూ పనిచేస్తాయి. సైనికుల దవడలు పోరాటానికే తయారయ్యాయి. వాటితో మేత కొరుక్కోలేవు కాబట్టి శ్రామికులే నోటికి అందిస్తాయి. పుట్టకు గండి పడితే సైనికులు అంచున నిలబడతాయి. వాటి వెనక శ్రామికులు ఉమ్మి కలిపిన మట్టి ముద్దలు తెచ్చి పూడుస్తాయి. చూపు లేని ఈ పురుగులకు వాసన, స్పర్శ, నేల అదురు, ఇవే సమాచారం.

రాణి రోజుకు వేల గుడ్లు పెడుతుంది, రాజు జీవితాంతం దాని పక్కనే ఉంటాడు. ఈ ఇద్దరిలో ఎవరూ పనులు పురమాయించరు.

ఈ పురుగులను మన దేశంలో శాస్త్రీయంగా మొదట వర్ణించినవాడు జీవశాస్త్రజ్ఞుడు లిన్నేయస్ శిష్యుడు యోహాన్ గెర్హార్డ్ కోనిగ్. తరంగంబాడి డేనిష్ మిషన్ వైద్యుడిగా వచ్చి, 1779లో చెదలపై వ్యాసం ప్రచురించాడు. 1785లో మన కాకినాడ దగ్గరి జగన్నాథపురంలో కన్నుమూశాడు. ఆ వ్యాసం వచ్చిన రెండు శతాబ్దాలకు పైగా గడిచాక, బెంగళూరులో ఇదే జాతి పుట్టల మీద జరిపి 2015లో ప్రచురించిన పరిశోధనలో మడతల పని తేలింది. పగలు అవి నడిమి భాగం కంటే ముందు వేడెక్కుతాయి, రాత్రి ముందు చల్లబడతాయి. ఈ తేడాతో గాలి దిశ మార్చుకుంటూ లోపల తిరుగుతుంది.

ఢిల్లీలో తొలకరి పడ్డాక ఉసిళ్ళు లేస్తాయి. రెక్కలు రాల్చిన ఒక జంట మట్టిలో దూరి కొత్త కాపురం పెడుతుంది. తొలి శ్రామికులు ఎదిగేదాకా గుడ్ల సంరక్షణ, పిల్లల మేత, అన్నీ ఆ ఇద్దరివే. అయితే సాధారణంగా ఆ జంట బూజు విత్తనం వెంట తెచ్చుకోదు. తొలి శ్రామికులు మేతకు వెళ్ళినప్పుడు, వేరే పుట్టల మీద మొలిచిన పుట్టగొడుగులు రాల్చిన విత్తనాలను చెత్తతోపాటు తెస్తాయి.

దేశంలో సుమారు 300 చెద జాతులుంటే, పంటకూ ఇంటికీ హాని చేసేవి కొన్నే. పొలంలోనూ తలుపుచెక్కలోనూ ఒబెసస్‌ను అదుపు చేయాల్సిందే. అడవిలో మాత్రం ఎండుటాకును మట్టిలో కలిపేది అదే. అందుకే రిడ్జ్ మీది పుట్టలను తవ్వడం, మందు పోయడం తగదంటాను. వాటి మీద మొలిచే గొడుగులే కదా, పక్కన కాపురం పెట్టిన కొత్త జంటకు సేద్యపు విత్తనం.