వెలుతురుతో చెరిగే వ్రాత

పిల్లలూ! పలకమీద బలపంతో వ్రాసినది తడిగుడ్డతో తుడిస్తే పోతుంది. తాటాకుమీద గంటంతో గీసిన అక్షరం అలా పోదు. ఆకు ఉన్నంతకాలం ఉంటుంది. కంప్యూటరులోనూ ఈ రెండు రకాల జ్ఞాపకాలు ఉన్నవి. విద్యుత్తు ఆపగానే తుడుచుకుపోయేది ర్యామ్. ఆపినా నిలిచేది రోమ్. అయితే రోమ్‌లోని వ్రాత కర్మాగారంలోనే పడుతుంది. ఇంట్లో కూర్చుని మనం అందులో ఒక్క అక్షరం కూడా మార్చలేము.

మరి తాటాకువలె నిలిచేదీ, పలకవలె చెరిపి వ్రాసుకునేదీ ఒకటే అయితే ఎంత బాగుంటుంది! అటువంటి చిప్పు ఉన్నది. దాని పేరు ఈప్రోమ్. చిప్పు అంటే కొబ్బరిచిప్ప కాదు సుమా! గోరంత సిలికాన్ ముక్కను ఒక చిన్న పెట్టెలో అమర్చి, రెండు ప్రక్కలా జెర్రికాళ్ళవంటి లోహపు కాళ్ళు పెడతారు. ఈప్రోమ్‌కు మాత్రం నడినెత్తిన ఒక గుండ్రని కిటికీ కూడా ఉంటుంది. ఆ కిటికీ ఎందుకో తరవాత చెబుతాను.

దీన్ని కనిపెట్టినవాడు డోవ్ ఫ్రోమన్ అనే ఇంజనీరు. అమెరికాలో ఇంటెల్ కంపెనీలో ఉండగా, కొన్ని చిప్పులు ఎందుకు చెడిపోతున్నవో ఆయన పరిశోధించాడు. లోపల అతుకు తెగి, దేనితోనూ సంబంధం లేకుండా పోయిన భాగాలలో విద్యుత్తు చిక్కుకుని ఉండిపోతున్నది. ఇతరులకు అది ఒక లోపం. ఆయనకు మాత్రం, ‘ఇలా చిక్కుకున్న విద్యుత్తునే గుర్తుగా ఎందుకు వాడుకోరాదు?’ అని తోచింది. 1971లో మొదటి ఈప్రోమ్ వెలువడింది. దానిలో పట్టినవి 256 బైట్లు మాత్రమే.

ఈప్రోమ్‌లో వేలకు వేల గదులు ఉంటవి. ఒక్కొక్క గదిలో సిలికాన్‌తో చేసిన చిన్న దిమ్మె. దానిచుట్టూ గాజువంటి పదార్థపు గోడ. గోడకు తలుపు లేదు. చిప్పు మామూలుగా నడిచే 5 వోల్టుల ఒత్తిడికి ఎలక్ట్రానులు ఈ గోడను దాటలేవు. 21 వోల్టులు పెట్టి తోస్తే కొన్ని ఎలక్ట్రానులు వేగం పుంజుకుని, కంచె దూకిన మేకలవలె లోపల పడతవి. ఒత్తిడి తీసేశాక బయటికి దూకే బలం వాటికి ఉండదు. ఎలక్ట్రానులు చిక్కిన గది 0, ఖాళీ గది 1. ఈ వ్రాతనే ‘కాల్చడం’ అని కూడా అంటారు గాని, అందులో ఏదీ కాలదు.

ఎనిమిది గదులు కలిస్తే ఒక బైటు. కొత్త చిప్పులో గదులన్నీ ఖాళీ కాబట్టి ప్రతి బైటూ 11111111, అనగా 255. ఇంగ్లీషు ‘ఏ’ అక్షరపు సంకేతం 65, అనగా 01000001. దాన్ని వ్రాశామనుకోండి. తరవాత మనసు మారి 64, అనగా 01000000 కావాలంటే చివరి గదిలోకి ఎలక్ట్రానులను తోస్తే సరి. కాని ‘బీ’ అక్షరపు సంకేతం 66, అనగా 01000010 కావాలంటే ఒక 0ను 1 చేయాలి. అది కుదరదు! ఒక్క గదిని ఖాళీ చేసే ఉపాయం లేదు, చిప్పు మొత్తం చెరపవలసిందే. ఈ పనిలో తొందర పనికిరాకపోవడానికి కారణం ఇదే.

ఇక ఇంట్లో ఈ పని ఎలా చేసేవారో చూద్దాం. 1981లో బ్రిటన్‌లో అకార్న్ కంపెనీ ‘బీబీసీ మైక్రో’ అనే కంప్యూటరును తెచ్చింది. దాని మూత తీస్తే, అదనపు రోమ్‌లు పెట్టుకోవడానికి ఖాళీ గూళ్ళు కనబడేవి. తాము వ్రాసిన ప్రోగ్రామును ఈప్రోమ్‌లోకి ఎక్కించి అక్కడ కూర్చోబెడితే, కంప్యూటరు వెలగగానే అది సిద్ధంగా ఉంటుంది కదా! ఆ ఎక్కించే పరికరమే ప్రోగ్రామరు.

ఆ గూటిలో పట్టే 27128 రకం చిప్పులో 16,384 బైట్లు ఉన్నవి. ఏ బైటో చెప్పడానికి 14 తీగలు, అందులో ఏమి వ్రాయాలో చెప్పడానికి 8 తీగలు, మొత్తం 22 కావాలి. కంప్యూటరు అడుగున ఉన్న యూజర్ పోర్టులో సమాచారానికి 8 తీగలు, అదుపుకు 2 మాత్రమే ఉన్నవి. మరెలా? ప్రోగ్రామరు పలకమీద లెక్కపెట్టే చిప్పులను అమర్చితే, కంప్యూటరు ‘తరవాతది’ అన్నప్పుడల్లా అవే ఒక అంకె ముందుకు పోతవి. తపాలా బంట్రోతు వరసగా ఇంటింటికీ నడిచినట్లన్నమాట.

పరికరాన్ని తగిలించేటప్పుడు కంప్యూటరును తప్పక ఆపి ఉంచాలి. గూటిలో చిప్పు పెట్టకముందే మీటరుతో వోల్టులు కొలవాలి. ఇది చాలా ముఖ్యం. 27128కు 21 వోల్టులు కావాలి; 27128ఏ అనే దాని తమ్ముడికి 12.5 చాలు. పేరు చివర ఒక్క అక్షరం చూడకుండా 21 పెడితే తమ్ముడు చచ్చి ఊరుకుంటాడు! చిప్పుకు ఒక కొసన అర్ధచంద్రపు నొక్కు ఉంటుంది, అది గూటి గుర్తువైపు ఉండాలి. ఆ తరవాత అన్ని బైట్లూ 255 అవునో కాదో చదివి చూసి, అప్పుడు వ్రాత మొదలుపెట్టాలి.

తొలిరోజులలో ఒక్కొక్క బైటుకు సెకనులో ఇరవయ్యో వంతు సేపు ఒత్తిడి పెట్టేవారు. ఆ లెక్కన 16,384 బైట్లకు 13 నిమిషాల 39 సెకనులు. తరవాత ఇంటెల్ వారు మంచి పద్ధతి తెచ్చారు. సెకనులో వెయ్యోవంతు సేపు వ్రాసి, వెంటనే చదివి చూడడం. పట్టకపోతే మళ్ళీ ఒక పోటు. పట్టగానే, గట్టిపడడానికి ఇంకొంచెం. కొంచెం చెప్పి ఒక ప్రశ్న అడగడం, రాకపోతే మళ్ళీ చెప్పడం! బడిలో మేము చేసే పని కూడా ఇదే కాబట్టి నాకీ పద్ధతి ఎంతో నచ్చింది.

ఇప్పుడు కిటికీ సంగతి. అది మామూలు గాజు కాదు, క్వార్ట్జ్. 253.7 నానోమీటర్ల అతినీలలోహిత కిరణాలను మామూలు గాజు ఆపేస్తుంది, క్వార్ట్జ్ పోనిస్తుంది. ఆ దీపంక్రింద ఒక అంగుళం దూరంలో సుమారు 20 నిమిషాలు ఉంచితే, చిక్కిన ఎలక్ట్రానులు కిరణాలనుంచి శక్తి పుచ్చుకుని గోడ దాటి పోతవి. మళ్ళీ ప్రతి బైటూ 255! ఈ దీపాన్ని పెద్దలే వాడాలి. దాని వెలుగు కంటికి హాని చేస్తుంది, దీపం మూసిన పెట్టెలోనే వెలగాలి.

ఎండలోనూ ఈ జాతి కిరణాలు కొన్ని ఉన్నవి. కిటికీ తెరచి నేరుగా ఎండలో ఉంచితే సుమారు వారంలో వ్రాత చెరిగిపోవచ్చు. ట్యూబులైటు వెలుతురులో సుమారు మూడేళ్ళు పడుతుంది. అందుకే వ్రాత ముగియగానే కిటికీమీద వెలుతురు చొరని కాగితం అంటించి, దానిపై ప్రోగ్రాము పేరు, తేదీ వ్రాసేవారు.

చీకటిలో ఉంచినా ఎలక్ట్రానులు ఏండ్ల తరబడి ఒకటొకటిగా జారుకుంటూనే ఉంటవి. 1980ల నాటి ఈప్రోమ్‌ల వయస్సు ఇప్పుడు నలభై దాటుతున్నది. ఒక్క 0 కాస్తా 1 అయితే ప్రోగ్రాము నడవకపోవచ్చు. వేరేచోట నకలు లేకపోతే, ఎవరో ఎన్నో రాత్రులు కూర్చుని వ్రాసినది దానితోనే పోతుంది. అందువల్ల పాత కంప్యూటర్లను భద్రపరిచేవారు ఈనాడు ప్రోగ్రామరును వ్రాయడానికి కంటే చదవడానికే ఎక్కువ వాడుతున్నారు. చిప్పును గూటిలో పెట్టి రెండు మూడు సార్లు చదువుతారు. అన్నిసార్లూ ఒకే అంకెలు వస్తే నకలు దాచిపెడతారు. తేడా వస్తే, ఏదో గది నీరసించిందని తెలుసుకుంటారు.

మన దేశంలో 1984లో ‘క్లాస్’ అనే పథకం క్రింద బడులకు వచ్చినవి ఈ బీబీసీ మైక్రోలే. మీ బడి సామాను గదిలో అటువంటిది ఒకటి మూలపడి ఉండవచ్చు. కనబడితే మీ మాస్టారితో చెప్పి మూత తీయించండి. లోపల చిప్పుమీద పాత కాగితం ముక్క అంటించి ఉంటే, దాన్ని మాత్రం పీకకండి.