ఏ కన్ను? ఏ రెప్ప?

చిక్కడపల్లి నగర కేంద్ర గ్రంథాలయమున కూర్చుండుటకు చోటు దొరకుట కష్టము. అశోక్ నగర్ వసతిగృహములలో నుండి గ్రూప్స్ పరీక్షలకు చదువుకొను యువతీయువకులు ఉదయముననే వచ్చి బల్లలు పట్టుకొందురు. వచ్చిన తేదీలు, పథకములు, పదవుల పేర్లు రాత్రి వరకు వల్లించుచుందురు. నారాయణగూడ ప్రాంతపు కళాశాలలలో జీవశాస్త్రములో, ఔషధశాస్త్రమో చదివి పట్టము పుచ్చుకొన్నవారిలో కొందరు మాత్రము వేరొక విద్యవైపు మరలుచున్నారు. దానిని మెడికల్ కోడింగ్ అందురు. వైద్యుడు వ్రాసిన రోగనామమునకు తగిన సంకేతమును నిర్ణయించుట ఆ విద్య. అమెరికా ఆసుపత్రుల రికార్డులు హైదరాబాదు కార్యాలయములకు చేరి, సంకేతములు పొంది, తిరిగిపోవును. బీమా సంస్థ వైద్యమునకు సొమ్ము చెల్లించుటయా, నిరాకరించుటయా అనుటకు ఆ సంకేతము ఒక ముఖ్యమైన ఆధారము.

ఈ వృత్తిలో పేరుగాంచిన సి.పి.సి. పరీక్షలో 100 ప్రశ్నలు, 4 గంటల గడువు. సంకేత గ్రంథములను దగ్గర నుంచుకొనియే వ్రాయవచ్చును. వల్లెవేయుటకు అలవాటుపడిన విద్యార్థికి ఇది సులభముగా తోచును. కాని పుస్తకము ముందున్నను, ఏ పుటలో వెదకవలెనో తెలియనివానికి నాలుగు గంటలు చాలవు.

కనురెప్ప చర్మము పొడిబారుట అను చిన్న రోగమును తీసికొనుడు. దేహమంతటిలో మిక్కిలి పలుచని చర్మము కనురెప్పది. దాని మందము మిల్లీమీటరునకు లోపలనే. క్రింద కొవ్వు కూడ స్వల్పము. అందుచే చలిగాలికి, సబ్బునకు, కాటుక వంటి అలంకార ద్రవ్యములకు అది త్వరగా ఎండి, పొలుసులు రాల్చును. ప్రాణాంతకము కాదు, చాలమంది వైద్యుని వద్దకైన పోరు. అట్టి దానికి అమెరికావారి పాత గ్రంథమున 373.33 అను ఒకే సంఖ్య యుండెను. 2015 అక్టోబరు 1న అచ్చట క్రొత్త గ్రంథము అమలులోనికి రాగా, ఆ ఒక్కటి ఏడైనది.

హెచ్ 01.141 అనిన కుడికంటి పైరెప్ప. 142 కుడికంటి క్రిందిరెప్ప. 144, 145 ఎడమకంటివి. ఏ రెప్పయో తెలియక కన్ను మాత్రము తెలిసినచో కుడికి 143, ఎడమకు 146. కన్నును తెలియదు, రెప్పయు తెలియదన్నచో 149. వీనికి మొదటి భాగమైన హెచ్ 01.14 వద్ద ఆగిపోయి పంపిన కాగితము చెల్లదు. నాలుగు రెప్పలును పొడిబారినచో నాలుగు సంకేతములును వేయవలసినదే. 'కంటికి రెప్పవలె కాపాడెను' అని మనవారు అనునప్పుడు ఏ కంటికి, ఏ రెప్ప అని అడిగినవాడు లేడు. ఇచ్చట అడుగకతప్పదు.

ప్రపంచ ఆరోగ్య సంస్థ మూలగ్రంథములో ఇంత విభజన లేదు. అంటురోగములు కాని రెప్ప చర్మవ్యాధులన్నియు అందు హెచ్ 01.1 క్రిందనే సర్దుకొన్నవి. ఆ గ్రంథమునకు మూలపురుషుడు ఫ్రెంచి గణాంకవేత్త జాక్ బెర్తియోఁ. 1893లో ఆయన సమర్పించినది మరణకారణముల పట్టిక మాత్రమే. 1948 నాటి ఆరవ సవరణతో, చంపని రోగములకు కూడ అందు స్థానము కలిగినది. మృత్యువును లెక్కించుటకు పుట్టిన పట్టిక కనురెప్ప పొలుసుల వరకు వచ్చుట విచిత్రమే.

అసలు చిక్కు మాటలతోనే కలదు. రోగి 'కన్ను పొడిబారినది' అనును. పొడిబారినది కన్నా, రెప్పయా? గ్రీకుభాషలో 'క్సెరోస్' అనిన పొడి. ఆ ధాతువునుండి పుట్టిన పేర్లు పక్కపక్కనే నిలిచి పలువురను మోసగించును. జీరోడెర్మా అనిన చర్మము పొడిబారుట. జీరోఫ్తాల్మియా అనిన విటమిన్ 'ఏ' కొరతచే కన్ను ఎండుట. దాని స్థానము పోషకాహార లోపముల అధ్యాయమున, ఇ 50 క్రింద. రేచీకటియు అచ్చటనే. హైదరాబాదువారికి ఇది పరాయి సంగతి కాదు. ఈ నగరమందలి జాతీయ పోషకాహార సంస్థ పరిశోధనల ఆధారముననే 1970లో పసిపిల్లలకు ఆరునెలలకొకసారి విటమిన్ 'ఏ' మోతాదు ఇచ్చు జాతీయ కార్యక్రమము ప్రారంభమైనది. ఇక జీరోడెర్మా పిగ్మెంటోసమ్ అనునది ఎండ సోకరాని ఘోరమైన వంశపారంపర్య వ్యాధి; అది క్యూ 82.1. కన్నీరు చాలక కన్ను మండుట హెచ్ 04.12, దానికి రెండు కన్నులకును కలిపి వేయదగిన సంకేతము కలదు, రెప్పకు లేదు! ఒక్క 'పొడి'ని పట్టుకొని తొందరపడినవాడు రెప్పమీది పొలుసునకు పసివాని అంధత్వమును అంటగట్టగలడు. నెలరోజులలో ఉద్యోగమని గోడలమీద వెలయు ప్రకటనలు ఈ సంగతి చెప్పవు. పదముల పుట్టుక నేర్పని శిక్షణకు ఎంత రుసుము చెల్లించినను వ్యర్థమే.

వైద్యుడు 'రెప్పలు ఎఱ్ఱబారినవి, పొలుసులూడుచున్నవి' అని మాత్రమే వ్రాసెననుకొనుడు. చదివినవారికి రోగమేదియో స్ఫురింపవచ్చును. కాని సంకేతకర్త వైద్యుడు కాడు; వ్రాయని రోగమునకు పేరు పెట్టుటకు అతనికి అధికారము లేదు. తాళపత్రమునకు ప్రతి వ్రాయు లేఖకుడు శిథిలమైన చోట తన అక్షరము నింపక ఖాళీ విడిచినట్లే, ఇతడును విడువవలెను. తోచిన రెప్పకు సంకేతము వేసినచో సొమ్ము వెంటనే రావచ్చును. తనిఖీలో బయటపడినచో అది పొరపాటుగా కాక మోసముగా కూడ లెక్కకు రావచ్చును. ఇప్పుడు యంత్రములును సంకేతములను సూచించుచున్నవి. ఆ సూచనను కాగితముతో సరిచూచువాడు మనుష్యుడే.

సందేహము కలిగినచో ప్రశ్న వైద్యునకే పోవలెను. దానికిని ఒక నియమము కలదు. 'కుడి పైరెప్పయే కదా?' అని అడుగరాదు. సమాధానమును ప్రశ్నలోనే అందించుట దోషము. ఉపాధ్యాయులెఱిగిన సంగతియే. 'ఏ కన్ను? ఏ రెప్ప?' అని మాత్రమే అడుగవలెను. బదులు వచ్చినచో ఆ రెప్ప సంఖ్య, రానిచో 149.