తుపాను పటంలో గరాటు

సూపర్ కంప్యూటర్లు వాతావరణాన్ని ఎలా లెక్కగడతాయో రాయమని ఎడిటర్ గారు అప్పగించారు. గడువు గురువారం సాయంత్రం. బల్ల మీద పోగైన కాగితాల్లో నా చూపు ఒక్కచోటే ఆగిపోయింది. అవి 2014 అక్టోబరులో హుద్‌హుద్ తుపాను ముంచుకొస్తున్నప్పుడు భారత వాతావరణ శాఖ వెలువరించిన బులెటిన్లు.

అక్టోబరు 8. తుపాను అప్పుడే అండమాన్ దీవులను దాటింది. మన తీరానికి రావాలంటే ఇంకా నాలుగు రోజులు. ఆనాడే బులెటిన్ చెప్పేసింది: 12వ తేదీ మధ్యాహ్నం ప్రాంతంలో విశాఖపట్నం, ఒడిశాలోని గోపాల్‌పూర్‌ల మధ్య తీరం దాటుతుందని. 12న పన్నెండుకూ ఒంటిగంటకూ మధ్య, గంటకు దాదాపు 180 కిలోమీటర్ల గాలితో, తుపాను విశాఖ మీద పడింది. రోజు తప్పలేదు, పూట తప్పలేదు.

చోటు సంగతి చూడండి. విశాఖ నుంచి గోపాల్‌పూర్‌కు తిన్నగా కొలిస్తే సుమారు 240 కిలోమీటర్లు. నట్టనడుమ శ్రీకాకుళం జిల్లా తీరం. తుపాను వచ్చి తగిలింది దక్షిణపు కొసకు. నడిమధ్యన గీత ఊహించుకున్నవాళ్లకు విశాఖ వంద కిలోమీటర్ల పైచిలుకు అవతల ఉన్నట్టే. బులెటిన్‌ను ఉన్నది ఉన్నట్టు చదివినవాళ్లకు మాత్రం విశాఖ మొదటి రోజు నుంచీ లోపలే ఉంది. తర్వాతి బులెటిన్లలో గురి విశాఖ మీదికే వచ్చింది.

వాతావరణ శాఖ పటంలో తుపాను దారి గీతకు రెండు పక్కలా, ముందుకు పోయేకొద్దీ వెడల్పయ్యే గరాటు లాంటి ఆకారం ఉంటుంది. 2009 నుంచి దాన్ని వేస్తున్నారు. గత కొన్నేళ్లలో తమ అంచనాలు ఎంతెంత దూరం తప్పాయో సగటు కట్టి, ఆ సగటుతోనే దాని వెడల్పు నిర్ణయిస్తారు. రేపటికి సన్నగా, నాలుగో నాటికి బారెడు. తన పొరపాటును తానే కొలిచి అందరి ముందూ పెట్టే ఈ నిజాయితీ అంటే నాకు గౌరవం. టీవీ తెరమీదికి వచ్చేసరికి మాత్రం చాలాసార్లు గరాటు మాయమై గీత ఒక్కటే మిగులుతోంది. అది ప్రమాదం.

తప్పు ఎందుకొస్తుందంటే, నడిసముద్రంలో కొలిచే సాధనాలు చాలా తక్కువ. 36 వేల కిలోమీటర్ల ఎత్తు నుంచి ఇన్సాట్ ఉపగ్రహాలు తీసే ఫొటోలే ముఖ్య ఆధారం. మబ్బుల చుట్ట ఎంత బిగిసింది, కన్ను ఎంత తేటగా విచ్చుకుంది అని చూసి, డ్వోరక్ పద్ధతిలో 1 నుంచి 8 వరకు ‘టీ నంబరు’ వేస్తారు. గాలి వేగం అంచనా దాన్నిబట్టే. ఇక సూపర్ కంప్యూటర్ లెక్కగట్టే మోడల్ మొదలయ్యే స్థితిలో రవ్వంత తేడా ఉన్నా నాలుగో రోజుకు దారి జిల్లాలు మారిపోతుంది. అందుకే ఆ స్థితిని కొద్దికొద్దిగా మార్చి అదే లెక్కను పదులసార్లు చేయిస్తారు. యూరప్ వాతావరణ అంచనా కేంద్రం ఒక్కో విడతకు 51 సార్లు చేస్తుంది.

ఈ లెక్కల దాకా వచ్చిన చరిత్ర క్లుప్తంగా: 1875లో వాతావరణ శాఖ పుట్టింది, 1977 నవంబరు 19న దివిసీమ ఉప్పెన సుమారు పది వేల మందిని మింగింది, 1980లలో ఇన్సాట్‌లు, 2018లో ప్రత్యూష్, మిహిర్ సూపర్ కంప్యూటర్లు వచ్చాయి.

బాక్స్: పేరూ, రాడారూ
హుద్‌హుద్ పేరు ఒమన్ ఇచ్చింది. అరబ్బీలో అది కూకుడు గువ్వ. తుపాను రాకను కనిపెట్టి చూస్తున్న విశాఖ డాప్లర్ రాడార్ ఆ గాలికే దెబ్బతింది.

ఈసారి తుపాను పటం కనబడితే గీత మీ ఊరికి ఎంత దూరమో కొలవకండి. మీ ఊరు గరాటులో ఉందో లేదో చూడండి. ఆ గరాటు తుపాను కేంద్రం పోయే దారికి మాత్రమే. గాలీ వానా ఉప్పెనా దాని బయట కూడా ఉంటాయి. గరాటు అంచున ఉన్నా, ఖాళీ చేయమన్నప్పుడు ఇల్లు వదిలి బయల్దేరండి.