స్వాధీన వివాదంలో నిషేధాజ్ఞ: ఎప్పుడు కోరాలి, ఎలా కోరాలి?

లక్ష్యాలు

ఈ భాగం చదివిన తరవాత మీరు:
• స్వాధీన వివాదంలో ఏ పరిస్థితికి ఏ ఉపశమనం కోరాలో గుర్తించగలుగుతారు.
• తాత్కాలిక నిషేధాజ్ఞ ఇవ్వడానికి కోర్టు చూసే మూడు అంశాలను వివరించగలుగుతారు.

1. ఉపోద్ఘాతం

"పక్కవాడు గట్టు జరుపుతున్నాడు, కోర్టుకు వెళ్లి ఇంజంక్షన్ తెచ్చుకుంటాను" అనే మాట మీరు వినే ఉంటారు. ఇంజంక్షన్‌నే తెలుగులో నిషేధాజ్ఞ అంటాం. ఇది పోయిన భూమిని తెచ్చిపెట్టదు, చేతిలో ఉన్న స్వాధీనానికి ఇతరులు అడ్డు రాకుండా కాపాడుతుంది. ఈ తేడా గ్రహించకుండా వేసిన దావా ఏళ్ల తరబడి నడిచి, చివరికి వీగిపోవచ్చు.

2. మూడు పరిస్థితులు

ఒక రైతుకు రెండెకరాల పొలం ఉందనుకోండి.

అ) పొలం ఆయన సాగులోనే ఉంది. హక్కు గురించి పేచీ లేదు. పొరుగువారు దౌర్జన్యంగా దిగబోతున్నారు. అప్పుడు నిర్దిష్ట ఉపశమన చట్టం, 1963లోని 38వ సెక్షన్ కింద శాశ్వత నిషేధాజ్ఞ కోరితే చాలు.

ఆ) హక్కు ఆయనదే, కాని పొలం అప్పటికే ఎదుటివారి చేతిలోకి పోయింది. అప్పుడు స్వాధీనం తిరిగి ఇప్పించమని దావా వేసి, దానికి అనుబంధంగా నిషేధాజ్ఞ కోరాలి. చట్టవిరుద్ధంగా వెళ్లగొట్టిన 6 నెలలలోపు అయితే 6వ సెక్షన్ కింద హక్కును నిరూపించనవసరం లేకుండానే స్వాధీనం కోరవచ్చు. ప్రభుత్వంపై మాత్రం ఈ సెక్షన్ కింద దావా చెల్లదు.

ఇ) ఎదుటివారు కూడా దస్తావేజు చూపి పొలం తమదేనంటున్నారు. హక్కుపైనే నీడ పడింది కనుక 34వ సెక్షన్ కింద హక్కు ప్రకటన కోరాలి. నిషేధాజ్ఞ దాని వెంట రావాలి.

3. ఒక తీర్పు

అనతుల సుధాకర్ వర్సెస్ పి. బుచ్చిరెడ్డి కేసు వరంగల్‌లోని ఖాళీ స్థలాలకు సంబంధించినది. ఇరుపక్షాలూ వేర్వేరు వ్యక్తుల నుంచి కొన్నామన్నారు. వాదులు హక్కు ప్రకటన కోరకుండా కేవలం నిషేధాజ్ఞకే 1978లో దావా వేశారు. మొదటి కోర్టు వాదులవైపు, అప్పీలు కోర్టు ప్రతివాదివైపు, హైకోర్టు మళ్లీ వాదులవైపు తీర్పు చెప్పాయి. 2008లో సుప్రీంకోర్టు దావాను కొట్టివేసింది. హక్కుపై చిక్కు ప్రశ్నలున్నప్పుడు వాటిని వట్టి నిషేధాజ్ఞ దావాలో తేల్చడం తగదని, హక్కు ప్రకటన దావా వేసుకోవాలని చెప్పింది. ఖాళీ స్థలంలో సాగు గాని, కాపురం గాని ఉండదు కనుక, స్వాధీనం ఎవరిదో తేల్చాలంటే హక్కు ఎవరిదో చూడవలసి వస్తుందని కూడా వివరించింది. ముప్పై ఏళ్ల వ్యాజ్యం తిరిగి మొదటి మెట్టుకు చేరింది. మొదట కోరిన ఉపశమనం ఎంత ముఖ్యమో దీనినిబట్టి గ్రహించండి.

4. తాత్కాలిక నిషేధాజ్ఞ

దావా తేలేదాకా యథాస్థితి కాపాడటానికి సివిల్ ప్రక్రియా స్మృతి, 1908లోని ఆర్డరు 39, రూల్స్ 1, 2 కింద పిటిషన్ వేస్తారు. కోర్టు మూడు అంశాలు చూస్తుంది:

1) పైకి చూడగానే విచారణకు తగిన కేసు ఉందా?
2) ఉత్తర్వు ఇస్తే ఒకరికి, ఇవ్వకపోతే మరొకరికి కలిగే ఇబ్బందులలో ఏది ఎక్కువ?
3) ఇవ్వకపోతే డబ్బుతో పూడ్చలేని నష్టం జరుగుతుందా?

ఈ మూడూ కలిసి ఉండాలి. దావా వేసిన నాటికి స్వాధీనం మీదేనని చూపడానికి పహాణీ లేదా అడంగల్, పాసుపుస్తకం, ఇంటిపన్ను రసీదు, కరెంటు బిల్లు వంటివి జతపరచాలి. నిజం దాచి కోర్టుకు వచ్చినవారికి 41వ సెక్షన్ ప్రకారం నిషేధాజ్ఞ నిరాకరించవచ్చు.

సాధారణంగా ఎదుటిపక్షానికి నోటీసు ఇచ్చాకే ఉత్తర్వు ఇస్తారు. ఆలస్యమైతే ప్రయోజనం దెబ్బతింటుందనుకుంటే, కారణాలు రాసి, నోటీసు లేకుండానే ఇవ్వవచ్చు. అలా ఇచ్చినప్పుడు 30 రోజులలో పిటిషన్‌ను తేల్చడానికి కోర్టు ప్రయత్నించాలి. ఉత్తర్వును ఉల్లంఘించినవారి ఆస్తిని జప్తు చేయవచ్చు, 3 నెలలకు మించకుండా సివిల్ జైలులో ఉంచవచ్చు.

సారాంశం

స్వాధీనం ఎవరి చేతిలో ఉంది? హక్కుపై పేచీ ఉందా? ఈ రెండు ప్రశ్నలకు జవాబు రాసుకున్న తరవాతనే దావా రకాన్ని నిర్ణయించాలి.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

1. స్వాధీనం కోల్పోయిన వ్యక్తి కేవలం నిషేధాజ్ఞ కోరితే ఎందుకు చాలదు?
2. మీ ఊరిలోని ఒక ఖాళీ స్థలంపై ఇద్దరు దస్తావేజులు చూపుతున్నారు. ఏ ఉపశమనం కోరమని సలహా ఇస్తారు? కారణాలు రాయండి.