సిగ్గెరుగని బొమ్మ

కళ్యాణదుర్గం వంటి మెట్టసీమలో వాన వెనుకాడిన ఏడు విరాటపర్వం చదివించేవారు, తోలుబొమ్మలాట ఆడించేవారు. తెల్లని తెర వెనుక దీపం వెలిగితే, ఒకప్పుడు ప్రాణమున్న మేకతోలు రాముడై, రావణుడై మరల లేచి నిలిచేది. ధర్మవరం చెంత నిమ్మలకుంటలో ఆ కళ ఇంకను నిలిచి ఉన్నది. అక్కడి దళవాయి చలపతిరావుగారికి 2020లో పద్మశ్రీ లభించింది. బొమ్మ తడబడితే ప్రేక్షకులు బొమ్మను నిందించరు. ఆడించిన చేయి ఎవరిదో వారెరుగుదురు.

శంకర్ దర్శకత్వాన 2010లో తమిళంలో వెలువడి, తెలుగులో 'రోబో'గా వచ్చిన చిత్రం చూచినవారికి ఈ సంగతి స్మరణకు రాక మానదు. అందులో శాస్త్రజ్ఞుడూ రజనీకాంతే, ఆయన నిర్మించిన మరమనిషి చిట్టీ రజనీకాంతే. ఆటపాటలూ పోరాటాలూ కావలసినదానికంటె హెచ్చే. అయినా మరపురాని ఘట్టం ఒకటున్నది. మంటలలో చిక్కినవారిని చిట్టి కాపాడుతుంది. స్నానం చేస్తున్న ఒక బాలికను అట్లే ఎత్తుకొని వచ్చి పదిమంది యెదుట నిలబెడుతుంది. ఆమె సిగ్గుతో పరుగెత్తి వాహనం కిందపడి మరణిస్తుంది. ప్రాణం కాపాడిన యంత్రానికి తన తప్పేమిటో బోధపడదు!

మాటలలో మనిషికీ తనకూ భేదం తెలియనీయని యంత్రానికి ఆలోచన ఉన్నదనవచ్చునని 1950లో ఇంగ్లండులో అలన్ ట్యూరింగ్ సూచించాడు. ఆ పరీక్షకు నేటి కృత్రిమ మేధయే జంకడం లేదు, చిట్టి జంకుతుందా? అది ఓడినది మాటలలో కాదు, ఒక ఆడపిల్ల మానం దగ్గర.

తరువాత సృష్టికర్త దానికి మనోభావాలు నేర్పబూనుతాడు. పిడుగుపాటుతో అవి మేల్కొంటాయి. ఇక 'అది' అనడానికి నోరు రాదు. 'అతడు' అనవలసి వస్తుంది. అతడు యజమాని ప్రేయసినే ప్రేమిస్తాడు. సైన్యాధికారుల యెదుట ఆయుధాల మాట మరచి ప్రేమను గురించి పలుకుతాడు. నేర్పినవాడే గొడ్డలితో ముక్కలు చేస్తాడు. బోరా అనే మరొక శాస్త్రజ్ఞుడు ఆ ముక్కలను కూర్చి, విధ్వంసానికి పురికొల్పి, చివరకు ఆ బొమ్మ చేతిలోనే హతుడవుతాడు.

న్యాయస్థానం నిర్మాతను విడిచిపెట్టి, నిర్మితమైనదానిని విప్పివేయమంటుంది. తోలుబొమ్మలాట చూచి పెరిగినవారికి ఈ తీర్పు మింగుడుపడదు. చిట్టి మాత్రం ఎదురాడక తన అవయవాలను తానే ఒక్కొక్కటిగా విప్పుకుంటాడు. 2030లో, వస్తుప్రదర్శనశాలలో, ఎందుకు విప్పివేశారని ఒక బడిపిల్ల అడిగితే, తాను ఆలోచించడం మొదలుపెట్టినందుకని బదులు చెబుతాడు.