ఋతువు తెచ్చిన తోరణము

శిశిరము ముగియుచుండగా సంగారెడ్డి ప్రాంతపు బీళ్లలో మోదుగు చెట్లు ఆకులు రాల్చి, కొమ్మకొమ్మకును నారింజవన్నె పూలు తాల్చును. దూరమునుండి చూచువారికి నిప్పంటుకొన్నదా యని భ్రమ కలుగును. ఈ పూలకు పరిమళము లేదు. అయినను తేనెకై పక్షులు మూగును.

చెట్టు క్రింద రాలిన పూలను ఏరి, దండగ్రుచ్చి గుమ్మమునకు కట్టినచో ఇంటికి వసంతశోభ కలుగును. పూలను నీటిలో మరగించినచో పసుపువన్నె దిగును. పూర్వము హోళీనాడు చల్లుకొనిన రంగు ఇదియే.

ఉగాదినాడు గుమ్మమునకు మామిడాకులు కట్టుదురు గాని మామిడిపూతను కోయరు. పూత కోసినచో కాయ యుండదు గదా! వేపపూతయు పచ్చడికి చాలినంతయే తెత్తురు. చెట్టునకు చేటు కలుగకుండ ఇంటిని అలంకరించుకొనుటయే ఈ ఆచారములోని వివేకము.

1970 తరువాతి సంవత్సరములలో పటాన్‌చెరు పరిసరములందు కర్మాగారములు విస్తరించినవి. అనేకులకు జీవనోపాధి లభించినది. కాని బీళ్లు తరిగినవి, వ్యర్థజలములచే నక్కవాగు కలుషితమైనది. నేడు పెక్కు ఇండ్లకు తోరణము అంగడినుండి వచ్చుచున్నది. ప్లాస్టిక్ తోరణము వాడదు. కాని దానివలన ఋతువు మారినదని తెలియదు.

మోదుగు కాయలు వేసవిలో ముదిరి రాలును. ఒక్కొక్క కాయలో ఒక్క గింజయే యుండును. తొలకరిలో పాతినచో అది మొలకెత్తును. పూచుటకు మాత్రము ఏండ్లు పట్టును. బడి ఆవరణలో నేడు ఒక గింజ నాటిన బాలుడు, ముందు తరమువారి గుమ్మములకు తోరణము సమకూర్చినవాడగును.