చిన్న వేషాల పెద్ద నటుడు

సినిమా చూచి ఇంటికి వచ్చిన తర్వాత నాయికా నాయకుల పేర్లు పిల్లలు సైతం ఒప్పజెప్పగలరు. కాని మనలను కడుపుబ్బ నవ్వించిన వంటవాడెవరో, దుకాణదారు వేషం వేసినదెవరో అడిగితే తడుముకొంటాము. అటువంటి వేషాలతోనే నాలుగు దేశాల ప్రజల మెప్పు పొందిన హంగేరీ నటుడు ఎస్. జెడ్. సకాల్ గారిని గురించి పాఠకులకు నాలుగు మాటలు చెప్పదలచినాము.

ఆయన 1883 ఫిబ్రవరి 2వ తేదీన బుడాపెస్టు నగరంలో ఒక యూదు కుటుంబంలో జన్మించినారు. చదువుకొనే రోజులలోనే వినోద ప్రదర్శనలకు హాస్య ఘట్టాలు వ్రాసి ఇచ్చేవారు. పెద్దవాడుగా కనిపించడానికి గడ్డం పెంచి, ఆ గడ్డాన్నే పేరుగా పెట్టుకొన్నారు. హంగేరియన్ భాషలో ‘సోకె సకాల్’ అంటే పసుపువన్నె గడ్డం అని అర్థం.

బుడాపెస్టు రంగస్థలంపై పేరు తెచ్చుకొన్న పిదప వియన్నాకు, బెర్లినుకు వెళ్ళి జర్మను భాషలోను రాణించినారు. మాటలు నేర్చిన తొలి జర్మను చిత్రాలలో ఆయన హాస్యానికి మంచి గిరాకీ ఉండేది. ఇంతలో 1933లో హిట్లరు అధికారానికి వచ్చినాడు. యూదుడైన సకాల్ బెర్లిను విడిచి స్వదేశానికి తిరిగి రావలసి వచ్చింది. కొన్నేళ్ళకు అక్కడా నిలువనీడ లేకపోగా, భార్యతో అమెరికా చేరుకొన్నారు. 1940 నుండి హాలీవుడ్ చిత్రాలలో కనిపించసాగినారు. అప్పటికి ఆయన వయస్సు ఏబది యేడు.

హాస్యనటునికి నాలుకే ఆస్తి గదా! ఆ వయస్సులో కొత్త భాషలో జనాన్ని నవ్వించడమెట్లా? సకాల్ తన వచ్చీరాని ఇంగ్లీషును దాచుకొనలేదు. దానినే పెట్టుబడిగా చేసుకొన్నారు. మాట తోచనప్పుడు రెండు చేతులతో బూరెల వంటి బుగ్గలు పట్టుకొని కంగారుపడడం ఆయన ముద్ర అయిపోయింది. వార్నర్ బ్రదర్స్ వారు ఆయనకు ‘కడిల్స్’ అని ముద్దుపేరు తగిలించినారు.

1942లో వచ్చిన ‘కాసాబ్లాంకా’ చిత్రంలో ఆయనది కార్ల్ అనే పెద్ద సర్వరు వేషం. దర్శకుడు మైకేల్ కర్టిజ్ కూడా బుడాపెస్టువారే. స్వదేశంలో ఆయన కెర్తేస్ మిహాయ్. మనవలె వారికీ ఇంటిపేరే ముందు. తెరపై పేర్లు పడిన పదునలుగురు నటులలో అమెరికాలో పుట్టినవారు ముగ్గురే.

అందులో ఒక ఘట్టం ఉన్నది. మరునాడు అమెరికాకు ప్రయాణమవుతున్న వృద్ధ దంపతులు, ఇక ఇంగ్లీషే మాట్లాడుకొందామని పట్టుపడతారు. భర్త గంట ఎంతయిందని అడగబోయి, గడియారం ఏదని అడిగినట్లు అడుగుతాడు. భార్య అదే ధోరణిలో జవాబు చెబుతుంది. కార్ల్ గంభీరంగా విని, అమెరికాలో మీకు ఏ ఇబ్బందీ ఉండదని మెచ్చుకొంటాడు. ఆ దంపతుల వేషాలు వేసినవారూ నాజీల మూలాన వలస వచ్చిన నటులే. కొత్త ఊరి అంగడిలో కొత్త భాషతో తడబడిన పెద్దల కథలు వింటూ పెరిగిన మన ఇండ్లలో ఈ ఘట్టానికి వేరే వ్యాఖ్యానం అక్కరలేదు.

ఆయన అమెరికాలో నవ్వులు పంచుతున్న ఆ యుద్ధకాలంలోనే ఐరోపాలో ఘోరం జరిగింది. ఆయన తోడబుట్టిన ముగ్గురు ఆడపడుచులు నాజీ నిర్బంధ శిబిరాలలో బలి అయినారు. భార్యవైపు తోబుట్టువులకూ అదే గతి పట్టింది. అయినా సకాల్ వేషం కట్టడం మానలేదు. 1945లో ‘క్రిస్మస్ ఇన్ కనెక్టికట్’లో వంటవాడు, 1949లో జూడీ గార్లండ్ నటించిన ‘ఇన్ ది గుడ్ ఓల్డ్ సమ్మర్‌టైమ్’లో దుకాణం యజమాని. ఈ రెండవ కథ ఒక హంగేరియన్ నాటకం నుండి వచ్చినదే. బుడాపెస్టు దుకాణం చికాగోకు మారింది, అంతే.

1954లో ఆయన ఆత్మకథ అచ్చయింది. చక్రవర్తి ఫ్రాంజ్ జోసెఫ్, అడాల్ఫ్ హిట్లరు, వార్నర్ సోదరులు — ఈ ముగ్గురి ఏలుబడిలో తన జీవితమని దాని ఉపశీర్షికలో చమత్కరించినారు. సినిమా యజమానులను ఏ వరుసలో కూర్చోబెట్టినారో చూడండి! మరుసటి సంవత్సరం ఫిబ్రవరి 12న, డెబ్బది రెండు నిండిన పది రోజులకు, హాలీవుడ్‌లో కన్నుమూసినారు.

‘కాసాబ్లాంకా’ను ఇప్పటికీ చూడవచ్చు. అవకాశమున్న పాఠకులు ఈసారి నాయకుని వెనుక పళ్ళెం పట్టుకొని తిరిగే ఆ లావుపాటి పెద్దమనిషిని కూడా ఒక కంట కనిపెట్టవలసిందిగా కోరుతున్నాము.